ఉత్తవంతు

మా అత్తవారింట్లో పెద్దకోడలు ఆవిడ, చిన్నకోడల్ని నేను. నేను అక్కా అంటాను, ఆవిడ నన్ను ఏమే అంటుంది. వంటిల్లు నాది, ఉద్యోగం ఆవిడది. కాపురానికి వచ్చిన కొత్తలోనే నాకు అర్థమైపోయింది, అక్క నోట్లో నువ్వుగింజ నానదని, ఒకవేళ నానినా మొహంలో మొలకెత్తుతుందని. ఒకసారి మా ఆయన నాకు తెలియకుండా చేతిగడియారం కొని బీరువా మీద దాచారు. నేను గదిలోకి వచ్చినప్పుడల్లా అక్క చూపు బీరువా మీదికి ఎగిరేది. నేను కుర్చీ వేసుకుని ఎక్కి, గడియారం తీసి చేతికి పెట్టుకున్నాను. "వదినకి చెప్పడం కంటే వీధిలో మైకు పెట్టుకోవడం నయం" అని మా ఆయన మూతి ముడుచుకున్నారు.

అలాంటి మనిషిని ఉద్యోగంలో "రాతిబొమ్మ" అంటారని తెలిసిన రోజు నేను కడుపు పట్టుకుని నవ్వాను. అక్కకి కోపం వచ్చింది. "ఇంట్లో వేరు, అక్కడ వేరు. అక్కడ నా మొహం నా చెప్పుచేతల్లో ఉంటుంది" అంది. నేను ఇంకా నవ్వాను. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పుడు నాకు నవ్వు రాదు.

అక్క పనిచేసేది యూనివర్సిటీలో, శిశు వికాస విభాగంవాళ్ళు నడిపే నర్సరీలో. మేడ మీద ప్రొఫెసర్లు, కింద పసిపిల్లలు. పిల్లలు ఎప్పుడు నడుస్తారు, ఎప్పుడు మాట్లాడతారు, ఎందుకు కొరుకుతారు అని పైవాళ్ళు చదువుతారు. కొరికించుకునేది మాత్రం కిందివాళ్ళు. నర్సరీ గదిలో ఒక గోడకి పెద్ద అద్దం ఉంటుంది. ఇటునుంచి చూస్తే మన మొహమే మనకి కనిపిస్తుంది. అటువైపు చీకటి గదిలో కూర్చున్న విద్యార్థులకు మనమంతా కనిపిస్తాం. పిల్లలు ఆ అద్దానికి ముక్కులు ఆనించి ముద్దులు పెడుతుంటే, అవతల ఎవరో ఒకరు అది కూడా రాసుకుంటూ ఉంటారు. మొదట్లో అక్క ఆ గదిలో తుమ్మడానికి కూడా మొహమాటపడేదట. తర్వాత అలవాటైపోయింది. పిల్లల చీమిడి తుడవడం, పక్కలు వెయ్యడం, ఒకడి బొమ్మ ఇంకొకడి చేతిలోంచి ఊడదీయడం, ఇదీ ఆవిడ ఉద్యోగం. టీచర్ అంటారు గానీ సగం పని ఆయాపనే. ఆవిడ ఏనాడూ చిన్నతనం అనుకోలేదు.

కొన్ని రోజులు పొద్దున్నపూట ఆవిడకి ఇంకో పని ఉండేది. మేడ మీద ప్రొఫెసరుగారు నడుపుతున్న పరిశోధన కోసం, ఊళ్ళోంచి తల్లులు ఏడాది నిండని పిల్లల్ని తీసుకొచ్చేవారు. అలాంటి అద్దమే ఉన్న ఇంకో గదిలో వాళ్ళకి వినికిడి పరీక్ష చేసేవారు. చూడటానికి అదేమంత పెద్ద విద్య కాదు. తల్లి ఒళ్ళో పసివాడు కూర్చుంటాడు. వాడి ఎదురుగా ఒక మనిషి చతికిలబడి బొమ్మతో ఆడిస్తుంది. వాడి వెనకాల, వాడికి కనబడకుండా, ఇంకో మనిషి గిలక్కాయ పట్టుకుని నిలబడుతుంది. ఎదుటి మనిషి ఉన్నట్టుండి బొమ్మని గుప్పిట్లో మూసేస్తుంది. ఇప్పుడేమవుతుందా అని వాడు నోరు తెరుచుకుని చూస్తున్న ఆ క్షణంలో, వెనకావిడ ఏదో ఒక చెవి పక్కన గిలకని మెల్లగా ఆడిస్తుంది. వాడు అటు తిరిగితే వినబడినట్టు. తిరగకపోతే అనుమానించి చెవి డాక్టరు దగ్గరికి పంపుతారు.

ఎదుటి మనిషికి ఒకటే నియమం. ఆ క్షణంలో ఆమె చూపు పిల్లవాడి మొహం మీంచి కదలకూడదు. గిలక ఏ పక్కన ఉందో ఆమెకి కనిపిస్తూనే ఉంటుంది, అయినా అటు చూడకూడదు. ఎందుకంటే పసివాళ్ళు మన కళ్ళు ఎటు పోతే అటు చూస్తారు. అందుకని మధ్యమధ్య ఒక ఉత్తవంతు పెట్టాలి. అంటే వెనకావిడ గిలక ఎత్తినట్టే ఎత్తి, చప్పుడు చెయ్యకుండా ఊరుకోవాలి. అప్పుడు కూడా పిల్లవాడు తిరిగాడా, వాడు తిరుగుతున్నది చప్పుడు విని కాదు, మరేదో చూసి అని తెలిసిపోతుంది.

ఎదురుగా కూర్చునే పని అక్కది. వెనకాల గిలక పట్టేది ప్రొఫెసరుగారి దగ్గర పరిశోధన చేస్తున్న అమ్మాయి. అక్క అంత బాగా పిల్లల్ని పట్టి కూర్చోబెట్టేవాళ్ళు ఆ భవనంలో ఇంకెవరూ లేరు. ఏడ్చే పిల్ల కూడా ఆవిడ మొహం చూసి ఏడుపు మింగేసేది. ప్రొఫెసరుగారు కొత్త విద్యార్థులకు అద్దం అవతల నుంచి చూపించి, "చూడండి, కనురెప్ప కూడా కదలదు, రాతిబొమ్మ" అన్నారట. ఆ ముక్క అక్క ఇంటికొచ్చి నాకెన్నిసార్లు చెప్పిందో లెక్కలేదు.

పొగడ్త పొట్టలో పడ్డాక ఊరికే ఉండదు కదా. ఒకరోజు పరిశోధన అమ్మాయి వరసగా ఉత్తవంతులు పెడుతుంటే, పిల్లవాడు విసిగి గుక్కపట్టాడు. బయట వరండాలో తల్లులు బారులు తీరి కూర్చున్నారు. అక్కకి చిర్రెత్తింది.

"ఏమ్మా, నువ్వు పరీక్షిస్తున్నది పిల్లల్నా, నన్నా?" అంది.

"అయ్యో, పద్ధతి ఆంటీ..."

"ఆ పద్ధతి ఎవరికి? చూపు నిలవనివాళ్ళకి. ఇన్నేళ్ళుగా కూర్చుంటున్నాను. నా మొహం మీద నమ్మకం లేకపోతే ఇంకెవరినైనా కూర్చోబెట్టుకో."

కూతురి వయసు పిల్ల, ఏమంటుంది? ఉత్తవంతులు ఆగిపోయాయి. పని చకచకా సాగింది. తల్లులు సంతోషించారు. పైవాళ్ళు అద్దం వెనక ఎప్పుడో తప్ప కూర్చునేవారు కాదు. నాకు ఇక్కడే ఒళ్ళు మండుతుంది. పద్ధతి పెట్టేది మనం చెడ్డవాళ్ళమని కాదు, మనం మనుషులమని. ఆ మాట అప్పుడెవరైనా అక్కతో అని ఉంటే బాగుండేది, కానీ పెద్దదానితో అనేదెవరు?

బంతిగాడు ఆ రోజుల్లోనే తల్లి ఒళ్ళో కూర్చుని పరీక్షకి వచ్చాడు. వాడి తల్లి సిటీ బస్సులో కండక్టరు. బుగ్గలూ పొట్టా గుండ్రంగా, నేల మీద వదిలితే దొర్లుకుంటూ పోయేవాడు కాబట్టి ఇంట్లోనే వాడికి ఆ పేరు పెట్టేశారు. పరీక్షలో వాడు చేసిన తీరుకి అక్క మురిసిపోయింది. గిలక ఇటు అంటే ఇటు, అటు అంటే అటు, ఒక్కటి కూడా తప్పలేదట. "ఇవాళ ఒకడొచ్చాడే, వాడివి పాముచెవులు" అని నాతో చెప్పింది. తల్లికీ అదే మాట చెప్పి పంపింది.

రెండేళ్ళు నిండాక బంతిగాడు నర్సరీలో చేరాడు. అందరికంటే ముందు అక్కని పట్టేసుకున్నాడు. ఆవిడ ఎక్కడుంటే అక్కడే, ఆవిడ మొహం కనబడేలాగే కూర్చునేవాడు. ఆయా వెనకనుంచి పాలగ్లాసు తెస్తుంటే అందరికంటే ముందు తిరిగి చూసేది వాడే. మాటలు మాత్రం రాలేదు. ఊ, ఆ, ఒక కేక, అంతే. తల్లికి బెంగ పట్టుకుంది.

"టీచర్ గారూ, వీడి ఈడు పిల్లలు వసపిట్టల్లా వాగుతున్నారు. వీడేంటండీ ఇలా?"

"నీ గాభరా నువ్వూనూ. చెవుల పరీక్షలో నేనే కూర్చున్నానమ్మా. చెవులు భేషుగ్గా ఉన్నాయి. కొందరికి మాటలు ఆలస్యంగా వస్తాయి, వచ్చాక ఆపలేం."

"అదేలెండి. మా క్లినిక్కు డాక్టరు గారు కూడా చెవులు చూపించారా అన్నారు. యూనివర్సిటీలో చూశారండీ, పాసయ్యాడు అన్నాను. అయితే ఫరవాలేదన్నారు. అయినా నా గొంతు చూశారు కదా, బస్సు మొత్తానికి వినబడుతుంది. నేను పిలిస్తే వీడేంటి, వీడి తాత కూడా లేచి రావాలి!" అని తనే నవ్వేది.

అది నిజమే. ఆ గొంతు వాడికి వినబడేది. అంత గట్టిగా ఉన్నది మాత్రమే వాడికి వినబడేదని ఎవరికీ తట్టలేదు.

ఒకరోజు అక్క పొద్దున్నే కళ్ళ డాక్టరు దగ్గరికి వెళ్ళి, చుక్కల మందు వేయించుకుని, వెలుగు చూడలేక నల్లకళ్ళద్దాలు పెట్టుకుని అలాగే నర్సరీకి వెళ్ళింది. పిల్లలు ఎగిరి గంతులేశారు. ఒకడు సెల్యూట్ కొట్టాడు, ఒకత్తి నాకూ కావాలని ఏడ్చింది. బంతిగాడు మాత్రం గది మధ్యలో దారి తప్పినవాడిలా నిలబడిపోయాడు. ఆయా పాలు తెస్తే తిరగలేదు. పక్కవాడి బొమ్మ కింద పడితే తిరగలేదు. అందరూ పాటకి చప్పట్లు కొడుతుంటే దిక్కులు చూశాడు. చివరికి అక్క ఒళ్ళోకి ఎక్కి, రెండు చేతులతో కళ్ళద్దాలు లాగి అవతల పారేసి, ఆవిడ కళ్ళలోకి చూసి, హమ్మయ్య అన్నట్టు తల వాల్చేశాడు. గదిలో అందరూ నవ్వారు. అక్క కూడా నవ్వబోయి ఆగిపోయింది.

మధ్యాహ్నం పిల్లలందరూ పడుకున్నాక వాణ్ణి ఎదురుగా కూర్చోబెట్టుకుంది. చిన్న బొమ్మతో ఆడించి, గుప్పిట మూసింది. ఏ చప్పుడూ లేని ఖాళీ గోడ వైపు చూపు తిప్పింది. వాడు ఠక్కున ఆ గోడ వైపు తిరిగాడు. ఇంకో పక్కకి చూసింది. వాడూ అటు తిరిగి, అక్కడేమీ లేక, మళ్ళీ ఆవిడ వైపు చూసి నవ్వాడు. అప్పుడు అక్క ఆయాని పిలిచి, వాడి వెనక నిలబడి మామూలు గొంతుతో పిలవమంది. తను మాత్రం వాడి మొహంలోకే చూస్తూ కూర్చుంది. ఆయా పిలిచింది. ఇంకోసారి పిలిచింది. చిటిక వేసింది. వాడు అక్క వైపే చూస్తున్నాడు, ఆట ఎప్పుడు మొదలవుతుందా అని.

చప్పుడు లేని గోడ వైపు వాడు తిరుగుతాడా అని చూసిందే, ఉత్తవంతు అంటే అదే. పరీక్షలో పెట్టి ఉంటే ఆ రోజే తెలిసిపోయేది.

ఆ సాయంత్రం కూరగాయలు తరుగుతూ నాకూ బావగారికీ చెప్పింది. మొహం పాలిపోయి ఉంది. "నా చూపు కదిలిందే. కదలదు అనుకున్నాను. కదిలింది. వాడు నా కళ్ళు చూసి తిరిగాడు. నేనేమో పాముచెవులు అన్నాను" అంది. బావగారు నెమ్మదస్తులు, ఎవరినీ పల్లెత్తు మాట అనరు. ఆయనే అన్నారు, "జరిగిందేదో జరిగింది. ఇంకోసారి పరీక్ష చేయించమని ఆ తల్లితో చెప్పు, చాలు. నీ పేరు నువ్వే ఎందుకు తగిలించుకుంటావు?" అని. ఆ సలహాలో చెడేమీ కనబడలేదు మాకెవ్వరికీ. పిల్లాడికి కావలసింది వైద్యం కదా.

మర్నాడు అక్క కండక్టరమ్మతో, "ఎందుకైనా మంచిది, పెద్దాసుపత్రిలో మిషను మీద చూపించు" అంది. ఆపైన ఒక్క ముక్క చెప్పలేదు. ఏది మనసులో ఉన్నా దాచుకోలేని మనిషి, జీవితంలో మొదటిసారి దాచుకుంది. పని అయ్యేదాకా మొహం కనబడకుండా పిల్లల పక్కబట్టలు మడతపెడుతూ కూర్చుందట.

ఆసుపత్రిలో తేల్చేశారు. రెండు చెవులూ సగానికి పైగా వినబడవు. పుట్టుకతోనే ఉండి ఉంటుంది, ఏడాది లోపు చెవిమిషన్లు పెట్టి ఉంటే ఈపాటికి మాటలు వచ్చేవి, ఇప్పుడైనా పెడదాం, కష్టపడాలి అన్నారు. తల్లి అక్కణ్ణుంచి నేరుగా నర్సరీకి వచ్చింది. యూనిఫాం మీదే ఉంది. వరండాలో బల్ల మీద కూలబడి ఏడ్చింది.

"అంతా నా వల్లే టీచర్ గారూ. పొద్దున్న డ్యూటీకి పోతే సాయంత్రం రావడం. వచ్చాక కేకలు. నా కేకలకి పలుకుతున్నాడు కదా అనుకున్నాను. కన్నబిడ్డకి వినబడటం లేదని తెలియని తల్లి ఉంటుందాండీ? మా అత్తగారు అననే అంది, బస్సు బిడ్డయింది, బిడ్డ గాలికి పోయాడు అని. నిజమేగా?"

అక్క పక్కన కూర్చుని వీపు నిమిరింది. "ఏడవకమ్మా, నీ తప్పేం లేదు" అంది. తప్పు ఎవరిదో తెలిసిన మనిషి చెప్పిన మాట అది. కండక్టరమ్మ ముక్కు చీది, అక్క రెండు చేతులూ పట్టుకుని కళ్ళకి అద్దుకుంది. "మీరు కనిపెట్టబట్టి సరిపోయింది. లేకపోతే వాడి బతుకేమయ్యేది? మీ మేలు మర్చిపోను" అంది. అక్క చేతులు లాక్కోలేదు.

గోరుచుట్టు మీద రోకటిపోటు అన్నట్టు, ఈ సంగతి మేడ మీదికి కూడా పోయింది. విభాగం సమావేశంలో ప్రొఫెసరుగారు అక్కని లేచి నిలబడమన్నారు. వైద్యులు కూడా వదిలేసిన లోపాన్ని మా నర్సరీ టీచర్ పట్టుకున్నారు, పరిశీలన అంటే ఇదీ అన్నారు. అందరూ చప్పట్లు కొట్టారు. పరిశోధన అమ్మాయి కూడా కొట్టింది, తల దించుకుని. ఆ అమ్మాయికి అనుమానం తగిలిందని అక్కకి తెలుసు, అక్కకి తెలుసని ఆ అమ్మాయికీ తెలుసు. ఏమైనా చెప్పమంటే అక్క చీర కుచ్చిళ్ళు సర్దుకుంటూ, "ఏముందండీ, ఏదో అలా కంటబడింది" అందట.

తర్వాత నాతో అంది, "చప్పట్లు కాదే. ఆ వినయం ఉంది చూశావూ, అది చంపుతోంది నన్ను. దొంగ వస్తువు మీద పూలు పెట్టి ఇచ్చినట్టుంది" అని. తిండి సయించడం మానేసింది. అద్దం ఉన్న గోడ వైపు వీపు పెట్టి కూర్చునేదట. ఇంట్లో బావగారు మాట్లాడిస్తే ఊ కొట్టేది. నేను ఒకసారి విసిగిపోయి, "చెప్పేసెయ్ అక్కా, కడుపులో పెట్టుకుని కుళ్ళడం ఎందుకు?" అన్నాను. "ఏ మొహం పెట్టుకుని చెప్పనే? నా చేతులు కళ్ళకి అద్దుకుంది" అంది. రేపు చెబుతాను, ఎల్లుండి చెబుతాను అనుకుంటూ రోజులు గడిపేసింది.

ఆ మీదట ఒక పొద్దున కండక్టరమ్మ పిల్లాణ్ణి దింపుతూ, వాడి చెవులకి పెట్టిన కొత్త మిషన్లు సర్దుతూ, మామూలుగా చెప్పేసింది. ఇవాళే ఆఖరి డ్యూటీ, సాయంత్రం డిపోలో రాజీనామా ఇచ్చేస్తున్నాను, మా ఆయన వద్దంటున్నాడు గానీ, ఉద్యోగం చేసి పిల్లాణ్ణి చెవిటివాణ్ణి చేశాననే పాపం ఇంకా మొయ్యలేను అని. ఎనిమిదేళ్ళు బస్సు గుమ్మంలో నిలబడి నిలబెట్టుకున్న ఉద్యోగం. ఆమె డ్యూటీకి వెళ్ళిపోయింది. అక్క బంతిగాణ్ణి ఆయాకి అప్పగించి, చెప్పులేసుకుని, బస్టాపుకి పరుగెత్తింది.

యూనివర్సిటీ మీదుగా పోయే ఆమె బస్సు కోసం కాచుకుని ఎక్కేసరికి జనం కిక్కిరిసి ఉన్నారు. కండక్టరమ్మ ముందెక్కడో టిక్కెట్లు కొడుతోంది. అక్క కమ్మీలు పట్టుకుంటూ, కాళ్ళు తొక్కుతూ, తిట్లు తింటూ ఆమె దగ్గరికి చేరింది.

"టీచర్ గారూ! మీరేంటి ఇలా? వాడికేమైనా అయిందా?"

"లేదమ్మా, వాడు బాగున్నాడు. నీతో ఒక మాట చెప్పాలి."

"ఏంటండీ? గట్టిగా చెప్పండి, ఇంజను మోతకి వినబడటం లేదు!"

అక్క చెవి దగ్గరికి వంగబోతే బస్సు కుదుపుకి అవతలికి తూలింది. మధ్యలో ఇద్దరు మనుషులు, ఒక సంచి. చెబితే అరిచి చెప్పాలి, లేదా దిగిపోవాలి. దిగిపోతే సాయంత్రం రాజీనామా. అక్క కమ్మీ గట్టిగా పట్టుకుంది.

"తప్పు నీది కాదు! వాడికి పరీక్ష చేసింది నేను! సరిగ్గా చెయ్యలేదు! వాడు చప్పుడుకి తిరగలేదు, నా కళ్ళు చూసి తిరిగాడు! పెట్టాల్సిన వంతు నేనే వద్దన్నాను, నా గొప్ప కోసం! వినబడుతుందని నీకు చెప్పింది నేనే!"

బస్సులో మాటలన్నీ ఆగిపోయాయి. మొహాలన్నీ ఇటు తిరిగాయి. నలభై మంది వింటుండగా అక్క ఆ ముక్క ఇంకోసారి చెప్పింది, ఈసారి మెల్లగా, "ఉద్యోగం మానకమ్మా" అని చేర్చి.

కండక్టరమ్మ టిక్కెట్లు కొట్టడం ఆపేసింది. స్టాపు వచ్చింది, పోయింది. ఎవరో "ఆపండి, ఆపండి" అని అరిచారు. ఆమె వినిపించుకోలేదు. అక్క వైపే చూస్తూ అడిగింది.

"ఆ రోజు వరండాలో నేను ఏడుస్తుంటే వీపు నిమిరారు. అప్పటికి మీకు తెలుసా?"

"తెలుసు."

"తెలిసే నిమిరారా?"

"తెలిసే."

ఆమె విజిల్ ఊదింది. బస్సు స్టాపు కాని చోట ఆగింది. "దిగండి" అంది. అక్క దిగింది. వెనకనుంచి ఎవడో నవ్వాడట. ఆ నవ్వు తనకి తగిందేనని అంది నాతో.

అక్కణ్ణుంచి నడుచుకుంటూ నేరుగా మేడ మీదికి వెళ్ళి ప్రొఫెసరుగారికి అంతా చెప్పింది. పరిశోధన అమ్మాయి కూడా అక్కడే ఉంది. "తప్పు నాది కూడా మేడమ్, గిలక నా చేతిలోనే ఉంది" అని మధ్యలో అడ్డుపడబోయింది. "నువ్వు పద్ధతి అన్నావు. నేను నోరు మూయించాను" అంది అక్క. ప్రొఫెసరుగారు పరీక్షల రిజిస్టరు తెప్పించుకుని తిరగేశారట. తిట్టలేదు. "అద్దం వెనక నేను కూర్చోవలసింది" అన్నారు. ఉత్తవంతులు లేకుండా పరీక్షించిన పిల్లలందరినీ మళ్ళీ పిలవాలని తేల్చారు. ఆ పరిశోధన అక్కడికి ఆగిపోయింది, ఆ అమ్మాయి చదువు ఇంకో ఏడాది వెనక్కి పోయింది. అక్కని పరీక్ష గదిలోంచి తీసేశారు. నర్సరీలో ఉండనిచ్చారు. తల్లులకి ఫోన్లు ఇంకెవరైనా చేస్తారంటే అక్క ఒప్పుకోలేదు. మా ముందుగదిలో కూర్చుని ఒక్కొక్కరికే చేసింది. "మీ పాపని ఇంకోసారి తీసుకురండమ్మా, మొదటిసారి నేను సరిగ్గా చెయ్యలేదు" అని. కొందరు సరేనన్నారు. ఒకావిడ అన్న మాటలకి అక్క ఫోను పెట్టేసి, నీళ్ళు తాగి, మళ్ళీ తర్వాతి ఇంటికి చేసింది. నేను వంటింట్లోంచి వింటూ, ఉల్లిపాయల మీద నెపం పెట్టి ఏడ్చాను.

కండక్టరమ్మ ఉద్యోగం మానలేదు. బంతిగాణ్ణి మాత్రం నర్సరీలో పక్కగదికి మార్పించుకుంది. పొద్దున్నా సాయంత్రం అక్క ముందునుంచే వెళ్ళేది, పలకరించేది కాదు. అక్క కూడా పలకరించే సాహసం చెయ్యలేదు. వానలు వెళ్ళి చలి వచ్చింది. మాటలు నేర్పే ఆవిడ వారం వారం వచ్చి బంతిగాడితో కూర్చునేది. గోడ అవతల వాళ్ళ చప్పట్లు వినబడుతుంటే అక్క ఇవతల పక్కలు వేస్తూ ఆగి వినేదట.

ఒక పొద్దున కండక్టరమ్మ కొడుకుని లోపలికి పంపి, గేటు దాకా వెళ్ళి, వెనక్కి వచ్చింది. అక్క వరండా కడుగుతున్న ఆయాకి బకెట్టు అందిస్తోంది.

"నాకు మీ మీద కోపం పోలేదు" అంది కండక్టరమ్మ.

"అవునమ్మా" అంది అక్క.

"పోదు కూడా. కానీ ఇవాళ ఎవరికో ఒకరికి చెప్పకపోతే ఉండలేను, చెబితే అర్థమయ్యేది మీకే. వాడు మాట్లాడాడు. పొద్దున నేను చెప్పులేసుకుంటుంటే గుమ్మంలో నిలబడి, చెయ్యి ఊపి, 'రైట్ రైట్' అన్నాడు. నేనలా అనడం వాడు విన్నాడు. విని అన్నాడు."

అక్క బకెట్టు కింద పెట్టింది. నవ్వబోతే ఏడుపొచ్చింది, ఏడవడానికి తనకి హక్కు లేదని దాన్నీ మింగేసింది. కండక్టరమ్మ చూస్తూ నిలబడింది.

"ఏం, సంతోషంగా లేదా మీకు?"

"ఉందమ్మా. చాలా ఉంది. సిగ్గుగా కూడా ఉంది."

"ఉండనివ్వండి" అంది కండక్టరమ్మ. సంచి భుజాన వేసుకుని డ్యూటీకి వెళ్ళిపోయింది.